అలిగిన చుక్కా, మా మామ పచ్చిపులుసూ

మా అత్తగారింట్లో రాత్రి వంట ఎవరు చెయ్యాలో ఆకాశంలోని ఒక చుక్క చెబుతుంది. ఈ ముక్క పెళ్ళిచూపుల నాడు నాకెవరూ చెప్పలేదు. ఇబ్రహీంపట్నంలో సొంతిల్లు, రెండు బర్రెలు, నీళ్ళు పడిన బోరు, పిల్లగాడికి ఏ అలవాటూ లేదు అని వరసగా చెప్పారు. చుక్క సంగతి దాచారని కూడా అనలేను. ఇంట్లో గోడగడియారం ఉందని పెళ్ళిచూపుల్లో ఎవరు చెప్తారు? వాళ్ళకు ఇదీ అంతే.

నాది బడంగ్‌పేట్. మా కాలనీలో ఆకాశం అంటే రెండు అపార్టుమెంట్ల మధ్య కనిపించే గుడ్డపేలిక. చందమామ ఆ సందులోకి వస్తే చూసేవాళ్ళం, రాకపోతే మానేసేవాళ్ళం. అయినా డిగ్రీలో ఫిజిక్స్ చదివాను. ఇప్పుడు ఇబ్రహీంపట్నంలోనే ఒక ప్రైవేటు బడిలో సైన్సు చెప్తాను. ఉట్టికెగరలేనమ్మ స్వర్గానికెగిరినట్టు, వీధిలైటుకు అవతల ఏముందో ఏనాడూ చూడని నేను నక్షత్రాల పుట్టుక గురించి పాఠాలు చెప్పేదాన్ని. నాకు ముక్కు మీద కోపమని మా అమ్మ ముందే ఒప్పేసుకుంది. దానికి మా అత్తమ్మ, "ఉండనియ్యి వదినా, మా ఇంట్ల పనికొస్తది" అన్నదట.

పెళ్ళయిన మొదటి ఎండాకాలం. పొద్దు గూకింది. నేను బియ్యం కడుగుతున్నాను. మా యారాలు, అంటే మా బావ భార్య, ఉల్లిగడ్డ కోస్తున్నది. అత్తమ్మ రోజూలాగే డాబా మీదికి పోయింది. కాసేపటికి మెట్లు దిగి వచ్చి, కొంగుతో మొహం తుడుచుకుని, "అలిగింది" అన్నది. అంతే. యారాలు సగం కోసిన ఉల్లిగడ్డను అట్లాగే వదిలేసి చేతులు కడుక్కుంది. నా చేతిలోని గిన్నె తీసి కింద పెట్టి, "రా చెల్లె, కూసుందాం" అని వాకిట్లో మంచం మీదికి లాక్కుపోయింది. ముందు గదిలో టీవీ బంద్ అయింది. మామ, బావ, మా ఆయన ముగ్గురూ తలలు వంచుకుని వంటింట్లోకి నడిచారు. ఎవరో పోయారనే అనుకున్నాను.

ఆ పూట తిన్నది అన్నమో గంజో నేను తేల్చలేకపోయాను. కానీ కూర్చున్న చోటికి పళ్ళెం వచ్చింది. పుట్టింట్లో కూడా నాకట్లా రాలేదు. చుక్కలంటే నిజమైన గౌరవం నాకప్పుడే కలిగింది.

కథ అత్తమ్మ చెప్పింది. ఒక ఇంట్లో ఏడుగురు అన్నదమ్ములు, వాళ్ళకు ఒక్కతే వదిన. పొద్దున లేవగానే ఆమె అందరినీ అడిగేది, ఏం వండాలె అని. ఒకడు పప్పు అనేవాడు, ఒకడు చేపలు, ఒకడు వంకాయ, ఒకడు నిన్న వండింది తప్ప ఏదైనా అనేవాడు. అడిగినవన్నీ వండి, గిన్నెల అడుగున మిగిలింది తాను తినేది. ఒకనాడు ఆమెకో బుద్ధి పుట్టింది. ఇంతమందిని నేను అడుగుతున్నాను కదా, నీకేం కావాలె అని నన్ను ఒక్కరన్నా అడుగుతారేమో చూద్దామని గడప మీద కూర్చుంది. పొద్దు గూకిందాకా కూర్చుంది. వంటేది అని అడిగారు తప్ప ఇంకోటి అడగలేదు. ఆమె చేతిలో గరిటెతోనే లేచిపోయి ఆకాశంలో కూర్చుంది. ఆ సంగతి మరిచిపోయినన్నాళ్ళు మెరుస్తుంది. గుర్తొచ్చిందంటే మొహం తిప్పుకుంటుంది, చుక్క మాయమవుతుంది. అప్పుడు మా ఇంటి ఆడవాళ్ళు పొయ్యి ముట్టుకుంటే ఆమెను అవమానించినట్టే. చుక్క మళ్ళీ వెలిగేదాకా రాత్రి వంట మగవాళ్ళే చెయ్యాలి.

"ఆ ఇంటోళ్ళు మనోళ్ళేనా అత్తమ్మా?" అని అడిగాను.

"మరి కాకపోతె వీళ్ళకెందుకు శిక్ష?" అన్నది.

ఈ చుక్క గురించి ఊరికో మాట ఉంది. మహేశ్వరం దిక్కువాళ్ళు అది కోడలు కాదు, ఆడబిడ్డ అంటారు. ఆడబిడ్డ అలగని రోజేది అని మా యారాలు దాన్ని కొట్టిపారేస్తుంది. కోహెడలో అయితే అది తాగొచ్చే మొగుడట. ఒకనాడు మెరుస్తూ వస్తాడు, ఒకనాడు దారి మరుస్తాడు. మా పెద్దచెరువులో చేపలు పట్టేవాళ్ళు అదొక ముసలి తాత బీడీ అంటారు. దమ్ము లాగితే వెలుగుతుంది, తాత ముచ్చట్లలో పడితే ఆరుతుంది. వీళ్ళెవరికీ దానివల్ల ఒక్కపూట సెలవు లేదు. కథ ఎన్నుకునేటప్పుడే తెలివి ఉండాలి.

నేను ఊరుకుంటానా, పుస్తకాలు తిరగేశాను. సైన్సులో దానికి పేరంటూ లేదు, ఒక అక్షరమూ కొన్ని అంకెలూ అంతే. కుదురులేని నక్షత్రాల జాతి. వయసు మళ్ళింది. ఉబ్బుతుంది, చిక్కుతుంది, ఉన్నట్టుండి ఒంట్లోంచి మసి కక్కుతుంది. ఆ మసి మబ్బులా దాని మొహానికే అడ్డం పడుతుంది. కొన్ని వారాలకో నెలలకో మసి చెదిరిపోయి మళ్ళీ తేటపడుతుంది. మళ్ళీ ఎప్పుడు కక్కుతుందో ఎవరూ చెప్పలేరు. ఒకనాటి సాయంత్రం ఇంటిల్లిపాదినీ కూర్చోబెట్టి, బల్బుకు మసిగుడ్డ అడ్డం పెట్టి ఇదంతా వివరించాను. అందరూ శ్రద్ధగా విన్నారు. ఆఖరికి మామ, "అంటె ఆమె ఇంక కట్టెల పొయ్యి మీదనే వండుతున్నదన్నట్టు" అన్నాడు.

"గ్యాసు పెట్టిచ్చినా బాగుండు" అన్నాడు బావ. నా పాఠం అక్కడితో ముగిసింది.

ఆచారం అన్నాక నియమాలుంటాయి. చుక్కను చూసి తీర్పు చెప్పే హక్కు ఇంటి పెద్దామెది, అంటే అత్తమ్మది. ఆమె నోరు విప్పేదాకా ఇంకెవరూ చూసింది చెప్పకూడదు. మబ్బు పడితే నిన్నటి తీర్పే ఇవాళా నడుస్తుంది. వానాకాలంలో చుక్క పొద్దుతో పాటే దిగిపోయి కంటికి కనబడదు. అది అలుక కాదు, పుట్టింటికి పోవడం, కాబట్టి మేం మామూలుగానే వండాలి. ఇదేం న్యాయమని నేను గొడవ పెట్టుకున్నాను. నాట్ల కాలంలో మగవాళ్ళకు తీరిక ఉండదని కొట్టేశారు. నాట్లు వేసేది ఆడవాళ్ళే అని నేను గుర్తుచేసేలోపు అందరూ లేచిపోయారు.

అత్తమ్మను ఆ ఇంట్లో ఇంకే విషయమూ అడిగేవారు కాదు. బర్రెను కొన్నా, బోరు వేసినా, పిల్లకు సంబంధం చూసినా, అంతా అయ్యాక ఆమెకు తెలిసేది. కానీ పొద్దు గూకగానే ముగ్గురు మగవాళ్ళు టీవీ వదిలేసి ఆమె మొహం వంక చూసేవారు. మెట్లు దిగేటప్పుడు కావాలనే నెమ్మదిగా దిగేది. రోజు మొత్తంలో ఆ కాసేపే ఆమెది. అది నేను చూసి చూసి తెలుసుకున్నాను.

మొన్నటి రెండు ఎండాకాలాలు చుక్క అలగనే లేదు. అత్తమ్మ రోజూ పైకి పోవడం, దిగొచ్చి "ఉన్నది" అనడం, మేం పొయ్యి ముట్టించడం. ఒకసారి ఆరేసిన బట్టలు తేవడానికి పోయినప్పుడు నాకు చుక్క మసకగా అనిపించింది. కానీ నేను అద్దాలదాన్ని. అత్తమ్మ అయితే చేనుగట్టు మీద నిలబడి, రోడ్డు మీద పోయే బస్సులో కిటికీ పక్కన ఎవరు కూర్చున్నారో చెప్పిన మనిషి. నా అద్దాలే తుడుచుకున్నాను. మగవాళ్ళు మాత్రం ఖుషీ ఖుషీగా ఉన్నారు. మా ఆయన టీ పెట్టడం కూడా మరిచిపోయాడు.

తర్వాత దక్షిణం వైపు, మా పక్కింటికి అవతల, ప్లాట్ల వెంచర్ పడింది. అంతకుముందు అది మా చేనే. మామ అమ్మాడు. అమ్మి వచ్చి, మిఠాయి డబ్బా అత్తమ్మ చేతిలో పెట్టి, "చేను అమ్మిన" అన్నాడు. ఆమె డబ్బా మూత కూడా తీయలేదు. ఆ మిఠాయి చీమలు తిన్నాయి. చేనులో మట్టిరోడ్లు పడ్డాయి, రంగు రాళ్ళు పాతారు, గేటు మీద సిమెంటు ఏనుగులు లేచాయి. ఒక్క ఇల్లు రాలేదు గానీ లైట్లు వచ్చాయి. తాటిచెట్టంత స్తంభం, దాని నెత్తిన చుట్టూతా లైట్లు. పొద్దు గూకగానే అవి వెలిగితే మా డాబా మీద చీమల బారు లెక్కపెట్టొచ్చు. మా కోళ్ళు ఎప్పుడు పడుకోవాలో తెలియక గంపలోకి పోవడం, బయటికి రావడం చేసేవి.

ఈ ఎండాకాలం మొదట్లో ఒక సాయంత్రం అందరం డాబా మీదే ఉన్నాం. యారాలు, నేను ఎండిన చల్లమిరపకాయలు ఎత్తుతున్నాం. మామ, కొడుకులు నీళ్ళ ట్యాంకు పైపు బాగు చేస్తున్నామని చెప్పి పాడు చేస్తున్నారు. అత్తమ్మ వచ్చి దక్షిణం వైపు గడ్డం ఎత్తింది. చుక్క ఉండాల్సింది పక్కింటి ట్యాంకుకు జానెడు పైన. అక్కడ తెల్లటి వెలుగు తప్ప ఏమీ లేదు. ఆ రోజు ఎవరికీ ఏమీ కనబడలేదు. యారాలు ఉండబట్టలేక, నియమం కూడా మరిచి, "నాకైతే ఏం కనబడ్తలేదు అత్తమ్మా" అనేసింది.

అత్తమ్మ ఆ మాట వచ్చిన వైపు తిరిగింది. "అలిగింది" అన్నది.

మామ చేతిలోని పానా కింద పెట్టాడు. "అలిగిందా, లైట్ల ఎలుగుకు కనబడ్తలేదా? గది లెక్కకు రాదు."

"కనబడకపోతె అలిగినట్టే. ఆచారం గంతే."

"మబ్బు పడ్తె నిన్నటి తీర్పే అంటవు గద. లైటు గూడ మబ్బసొంటిదే."

"మబ్బు దేవునిది. గీ లైటు ఎవలది? నువ్వమ్మిన చేన్ల నిలవడ్డది. ఆమెకు కోపం రాదా?"

తాను తీసిన గోతిలో తానే పడ్డ మనిషిని అంత దగ్గర నుంచి చూడడం నాకదే మొదలు. మామ నా వైపు తిరిగి, "టీచరమ్మా, నువ్వన్న చెప్పు. సైన్సు ఏమంటది?" అన్నాడు.

చుక్కల్ని గమనించే ఔత్సాహికులు రాసుకునేవి నేను ఫోన్లో చూస్తుంటాను. చుక్క నిక్షేపంగా ఉందని అందరూ రాశారు. "కనబడని దాని గురించి సైన్సు తొందరపడి ఏమీ అనదు మామా" అన్నాను. మెట్లు దిగుతుంటే యారాలు నా చెవిలో, "నిజంగ ఏమంటది నీ సైన్సు?" అని అడిగింది.

"సైన్సు మన దిక్కు లేదక్కా."

"అయితె జర నోరు మూసుకోమను" అన్నది.

అట్లా మగవాళ్ళ వంట మళ్ళీ మొదలైంది. బావ అన్నం వండేవాడు. పైన పలుకు, కింద మాడు, నడుమ జావ, ఒకే గిన్నెలో మూడు రకాలు. మా ఆయనకు గుడ్డు కొట్టి పెనం మీద వెయ్యడం ఒక్కటే వచ్చు, దాన్నే పేరు మార్చి మార్చి పెట్టేవాడు. పొయ్యి మంట సరిగ్గా రావట్లేదని ఒకడు, గిన్నె మందమని ఒకడు. ఆడలేక మద్దెల ఓడు అన్నట్టు వంటిల్లంతా ఓడిపోయింది. మామ మాత్రం తెలివైనవాడు. పొయ్యే అక్కర్లేని వంటకం ఒకటి ఉందని కనిపెట్టాడు. చింతపండు పిసికి, ఉల్లిగడ్డ, పచ్చిమిరపకాయ తరిగి వేసి, ఉప్పేసి కలిపితే పచ్చిపులుసు. ఇక రోజూ పచ్చిపులుసే. మా పళ్ళు పులిసిపోయి, బువ్వ నమలడానికి కూడా భయపడే దశకొచ్చాం. కొన్నాళ్ళకు ఆయనకే సిగ్గేసి, నువ్వులు ఎంతసేపు వేయించాలో నన్ను చాటుగా అడిగాడు. నువ్వుల పొడి పడ్డాక అది నిజంగానే బాగుంది. ఆ మాట ఎవ్వరమూ ఆయనకు చెప్పలేదు. చెబితే ఇంకో ఏడాది అదే పెడతాడు.

పెట్టేవాడే గానీ ఎట్లుందని అడిగేవాడు కాదు. అత్తమ్మ ముందు పళ్ళెం పెట్టి, అప్పు తీర్చినట్టు మొహం తిప్పుకుని వెళ్ళిపోయేవాడు. ఒక పూట ఇక ఆగలేక అందరి ముందూ అన్నాడు. "ఆ లైట్లు నేను బంద్ చేపిస్త. గా నాడు అందరం పైకి పోదాం. చుక్క మంచిగ మెరుస్తుంటె ఇగ ఈ ఇంట్ల చుక్క ముచ్చటే ఉండొద్దు. మీరు వండుడు, మేం తినుడు. సరేనా? నీ కండ్లకు పొరలొచ్చి అలిగింది అలిగింది అంటున్నవేమో ఎవలకెరుక."

చివరి మాట నవ్వుతూనే అన్నాడు. అత్తమ్మ నవ్వలేదు. "సరే" అన్నది. మామూలుగా ఆమె నోటికి మామ జవాబు వెతుక్కోవాలి. అంత తొందరగా సరే అనడం నాకు నచ్చలేదు. పళ్ళెం అంచు మీద వేలు తిప్పుతూ కూర్చుండిపోయింది.

నాకు దిగులు పట్టుకుంది. లైట్లు ఆరితే చుక్క కనబడుతుంది, కనబడితే ఆచారం పోతుంది, ఆచారం పోతే సాయంత్రాలు ఆమె మొహం వంక చూసేవాళ్ళు ఉండరు. ఫిజిక్స్ చదివినదాన్ని, దేవుడి గూటి ముందు నిలబడి, ఆ నక్షత్రానికి ఒక్క వాంతి కావాలని మొక్కుకున్నాను. ఇంత మసి కక్కించు తండ్రీ, కొబ్బరికాయ కొడతాను అన్నాను. మొక్కుకున్నాక గుర్తొచ్చింది, అంత దూరం నుంచి వెలుతురు రావడానికి తరాలు పడుతుంది. ఇవాళ మాకు మసి కనబడాలంటే మా మామ ముత్తాతకు ముత్తాత పుట్టకముందే అది కక్కి ఉండాలి. మొక్కు మరీ ఆలస్యమైపోయింది. కొబ్బరికాయతో చట్నీ చేసుకున్నాం.

వెంచర్ ఆఫీసుకు మామ, కొడుకులు, వాడలోని మరికొందరు మగవాళ్ళు కలిసి పోయారు. సైన్సు సాక్ష్యానికి నన్ను కూడా తీసుకుపోయారు. రేకుల షెడ్డులో ఏసీ పెట్టుకుని మేనేజరు కూర్చున్నాడు, పిల్లగాడే. వంట చేసి చేసి విసిగిపోయామని చెప్పడానికి మా వాళ్ళకు నోరు రాలేదు. బర్రెలు పాలిస్తలేవని ఒకరు, కోళ్ళు గుడ్లు పెడ్తలేవని ఒకరు, నిద్ర పడ్తలేదని ఒకరు చెప్పారు. లైట్లు లేకపోతే కస్టమర్లు రారని మేనేజరు అన్నాడు. చివరికి మా ఆయన ఆగలేక, "అన్నా, మాకు చుక్క కనబడ్తలేదే" అన్నాడు. తర్వాత కథంతా బయటపడింది, పచ్చిపులుసుతో సహా.

మేనేజరు నోరు తెరిచి విన్నాడు. "మేడం, గీ చుక్క వేరే వెంచర్లల్ల గూడ కనబడ్తదా?" అని నన్నడిగాడు.

లైట్లు ఆరడం నాకిష్టం లేదు. కానీ పాఠం చెప్పే నోరు ఆగదు. "చీకటి ఉంటే ఎక్కడైనా కనబడుతుంది" అన్నాను.

"అంటె చీకటి మన దగ్గర్నే పెట్టుకుంటె అయిపాయె" అన్నాడు. వారం తిరక్కుండా సిమెంటు ఏనుగుల మధ్య కొత్త ఫ్లెక్సీ లేచింది. అలిగే నక్షత్రాన్ని చూపించే ఏకైక వెంచర్ అట. పొద్దు గూకిన తర్వాత కాసేపు లైట్లు ఆర్పబడునట. కోడలు చుక్క బొమ్మ కూడా వేశారు, చేతిలో గరిటెకు బదులు ఇంటి తాళంచెవి పెట్టారు.

మొదటిసారి లైట్లు ఆర్పిన సాయంత్రం సిటీ నుంచి కార్లలో జనం వచ్చారు. మేం మా డాబా ఎక్కాం. మామ తలస్నానం చేసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని వచ్చాడు. లైట్లు టప్పున ఆరిపోయాయి. కళ్ళు చీకటికి అలవాటు పడ్డాయి. పక్కింటి ట్యాంకుకు జానెడు పైన చుక్క ఉంది. దాన్ని అంత బాగా నేనెప్పుడూ చూడలేదు. యారాలు నా చేయి గట్టిగా పట్టుకుంది. బావ, మా ఆయన ఒకరినొకరు మోచేతులతో పొడుచుకున్నారు. అత్తమ్మ చెప్పేదాకా ఎవరూ మాట్లాడకూడదు కాబట్టి మామ మాట్లాడలేదు, మీసం మాత్రం దువ్వుకున్నాడు.

అత్తమ్మ గడ్డం ఎత్తింది. దక్షిణం వైపు కాదు. పడమట ఎయిర్‌పోర్టులో దిగడానికి ఒక విమానం పెద్ద లైటు వేసుకుని వస్తున్నది. ఆమె దాన్నే చూస్తున్నది. విమానం జరుగుతుంటే ఆమె మొహం దాంతో పాటే నెమ్మదిగా తిరుగుతున్నది. అది చెట్ల వెనక్కి దిగిపోయింది. ఆమె మొహం అక్కడే ఆగిపోయింది. చెయ్యి పిట్టగోడ కోసం గాలిలో తడుముకుంది.

నేను మామ వైపు చూశాను. ఆయన చుక్కను చూడట్లేదు. భార్య మొహాన్ని అంతసేపు ఆయన చూడడం నేనెప్పుడూ ఎరుగను. మీసం మీది చెయ్యి జారి కిందికి వచ్చింది.

"అందరు ఊకున్నరేంది?" అన్నది అత్తమ్మ మెల్లగా. "ఏమయ్యా, నేను..."

"లేదు" అన్నాడు మామ. ఈసారి ఆమె కంటే ముందు నోరు విప్పి నియమం తప్పింది ఆయనే. "యాడ లేదు. ఇంక అలిగే ఉన్నది."

"బాపూ, గదేంది, గంత మంచిగ..." అన్నాడు బావ.

"నోర్ముయ్యి. కండ్లు లేవా నీకు?" అన్నాడు మామ. "చింతపండు నానవెట్టాలె" అంటూ మెట్లు దిగిపోయాడు. సగం మెట్ల నుంచి, "టీచరమ్మా, జర కిందికి రా" అని కేకేశాడు.

వంటింట్లో నా వైపు చూడకుండా గిన్నెలో నీళ్ళు పోస్తున్నాడు. "మీ అత్తకు కండ్లు కనబడ్తలేవు బిడ్డా. ఎన్నొద్దులాయెనో ఏమో. నేనేమో గమ్మత్తుకు పొరలొచ్చినయని అంటి." కళ్ళు తుడుచుకుని, "ఉల్లిగడ్డ మస్తు ఘాటున్నది" అన్నాడు. ఉల్లిగడ్డ ఇంకా బుట్టలోనే ఉంది.

మర్నాడు అత్తమ్మను సిటీలో కండ్ల దవాఖానకు తీసుకుపోయాను. బస్సులో కిటికీ పక్కన కూర్చుని ఆమే చెప్పింది. రెండేండ్లుగా అంతా మసకేనట.

"మరి రోజూ ఉన్నది అన్నవు గద అత్తమ్మా?"

"కనబడకపోతె అలిగింది అనొచ్చు బిడ్డా. కని నిజంగ అలిగిందో లేదో ఎరుక లేకుంట ఎట్లంట? దొంగ అలుక అయితది. గందుకే ఉన్నది అనుకుంట వండిన. ఈపారి లైట్లొచ్చి ఎవలకు కనబడకపాయె. గప్పుడు ధైర్యంగ అన్న."

"కండ్ల సంగతి చెప్పొచ్చు గద."

"చెప్తె? చుక్కను చూసేటందుకు గాకపోతె నన్ను ఎవలు అడుగుతరు?" అన్నది. నాకు ఏడుపొచ్చింది. దుఃఖమంతా కోపంగా మారి, పాపం ఆడవాళ్ళ ఉచిత టికెట్టుకు ఆధార్ కార్డు చూపించమన్న కండక్టరును కసిరాను. ఆయన కార్డు చూడకుండానే టికెట్ ఇచ్చి వెళ్ళిపోయాడు.

ఆపరేషన్ అయింది. పొగ తగలొద్దు, కొన్నాళ్ళు పొయ్యి దగ్గరికి పోవద్దు అని డాక్టరు చెప్పింది. అట్లా చుక్కతో పని లేకుండానే మగవాళ్ళ వంట నడిచింది. బావ అన్నం ఒకే రకంగా ఉడకడం మొదలైంది. చుక్క సంగతి ఆమె అడగలేదు, మేమూ ఎత్తలేదు. మామ మాత్రం పొద్దు గూకితే డాబా వైపు చూసి, చూడనట్టు ఉండేవాడు.

వానలు ఇంకా పడలేదు. నల్లద్దాలు తీసేసి కొత్త కళ్ళజోడు పెట్టుకున్న సాయంత్రం అత్తమ్మ, "పైకి పోదాం" అన్నది. అందరం ఎక్కాం. మామ బియ్యం ఏరుతూ ఏరుతూ చాటతోనే వచ్చేశాడు. వెంచర్‌లో లైట్లు ఆరాయి. చుక్క ట్యాంకు మీది నుంచి బాగా పడమరకు జరిగింది, మెరుపు మాత్రం తగ్గలేదు. అత్తమ్మ గడ్డం తిన్నగా అటే లేచింది. కళ్ళు చిట్లించలేదు, తడుముకోలేదు. చూసింది. నోరు కొంచెం తెరుచుకుంది. ఆమెకు బాగా కనబడుతున్నదని నాకు తెలిసిపోయింది. మామకూ తెలిసింది. ఆయన ఆడిన అబద్ధం నెత్తి మీదే వెలుగుతున్నది. చాట గట్టిగా పట్టుకుని నిలబడ్డాడు.

ఆమె చుక్కను వదిలి ఆయన వైపు తిరిగింది. కింది నుంచి పైదాకా చూసింది. "గింత ముసలోనివి ఎప్పుడైనవయ్యా?" అన్నది.

"గీ మధ్యల్నే" అన్నాడు.

ఆమె మళ్ళీ చుక్కను చూసింది, చాలాసేపు చూసింది. "ఇంక రాలె" అన్నది. "అలిగే ఉన్నది."

బావ ఏదో అనబోతే మా యారాలు కాలు తొక్కింది. మామ చుక్క వైపు తల ఎత్తి, దాన్ని కళ్ళారా చూసి, "అవ్, మస్తు అలిగింది" అన్నాడు. చాట పట్టుకుని మెట్ల వైపు నడిచాడు. రెండు మెట్లు దిగి ఆగాడు. వెనక్కి తిరగకుండానే అడిగాడు.

"నీకేం వండాలె?"

ఆ ఇంట్లో ఆ మాట ఆమెను ఎవరూ అడగగా నేను వినలేదు. ఆమె ఠక్కున జవాబు చెప్పడానికి నోరు తెరిచింది. మా వైపు చూసింది, మేమేమన్నా అందిస్తామేమోనని. మాకూ తెలియదు, ఆమెకు ఏం ఇష్టమో.

"ఏమో" అన్నది. "ఎన్నడు అనుకోలె. జర ఆలోచించుకోనియ్యి."

కొత్త కళ్ళజోడు సర్దుకుని పిట్టగోడ మీద కూర్చుంది. మామ బియ్యం చాట పట్టుకుని ఆ మెట్టు మీదే నిలబడ్డాడు.